గింజలొలిచిన కండె: ‘తూసా’ అనే పాట చెప్పిన కథ

గడచిన విద్యాసంవత్సరంలో ఒక మధ్యాహ్నం మేము విద్యార్థినుల విశ్రాంతి గది ముందునుండి పోవుచుండగా లోపలినుండి ఒక పాట వినవచ్చినది. సెల్‌ఫోనులో వచ్చుచున్న ఆ పాటతో గొంతు కలిపి ఇద్దరు పాడుచున్నారు. వారిలో ఒకరు ఇంట ఉర్దూ మాట్లాడు పిల్ల, రెండవవారు తెలుగు పిల్ల. పాట మాత్రం ఉర్దూ కాదు, తెలుగు కాదు, స్పానిష్. “దీనికి అర్థమేమిటమ్మా?” అని అడిగినాము. “అర్థం తెలియదు సార్, బాధ పాట అని మాత్రం తెలుస్తుంది” అని ఇద్దరూ ఒక్కసారే జవాబు చెప్పినారు. ఆ జవాబు మమ్ము ఆలోచింపజేసినది. ఎందుకనగా, అర్థం మాకును తెలియదు. తెలిసికొనగోరి కొన్నాళ్ళు వెదకినాము. ఆ వెదకుటలో దొరికినదే ఈ వ్యాసం.

కళాశాల వార్షిక సంచికలో సినిమా పాటలవంటి పాటలకు స్థానమేమిటని పెద్దలకు సందేహం కలుగవచ్చును. సందేహం సహజమే. కాని మన విద్యార్థులు ప్రతిదినం వినుచున్న దానిని గురించి వారితో మాట్లాడకుండుట కంటె, దాని మూలమేదో, దాని మాట ఏ పొలంలో మొలచినదో వివరించుట మేలని మా అభిప్రాయం. పైగా రెండు భాషలు ఒక కప్పు క్రింద నివసించుచున్న ఈ కళాశాలకు ఆ పాట చెప్పవలసిన సంగతి ఒకటి కలదు.

మాట పుట్టిన పొలం

ఆ పాట పేరు ‘తూసా’. 2019 నవంబరు 7వ తేదీన విడుదలైనది. పాడినవారు దక్షిణ అమెరికాలోని కొలంబియా దేశస్థురాలు కరోల్ జీ, ట్రినిడాడ్ ద్వీపంలో పుట్టి అమెరికాలో పెరిగిన నిక్కీ మినాజ్. స్వరసంవిధానం చేసినది ‘ఓవీ ఆన్ ద డ్రమ్స్’ అనే పేరుతో ప్రసిద్ధుడైన కొలంబియా యువకుడు. ఒకరి మాతృభాష స్పానిష్, మరొకరిది ఇంగ్లీషు.

‘తూసా’ అనగా నేమి? కొలంబియాలో మొక్కజొన్న గింజలు ఒలిచివేసిన తరువాత మిగిలిన ఉత్త కండెను తూసా అందురు. మన పల్లెలలో ఆ కండెలు పొయ్యిలోనికి పోవును. గింజ ఉన్నంతవరకే దానికి విలువ. గింజ పోయిన పిమ్మట అది తేలికై, గరుకై, ఏ మూలనో పడియుండును. కొలంబియా ప్రజలు ఈ మాటనే మరియొక అర్థంలో వాడుదురు. ప్రేమించినవారు విడిచిపోగా మనిషిలో మిగిలే వెలితికి వారు పెట్టుకొన్న పేరు తూసా. అట్టి స్థితిలో ఉన్నవానిని ‘ఎంతుసాదో’ అందురు. కండెవలె అయిపోయినవాడని మనం చెప్పుకొనవచ్చును. ఎంత సూటియైన పోలిక! దీనికి నిఘంటువు అక్కరలేదు. మొక్కజొన్న ఒలిచిన చేతులకు ఈ మాట వెంటనే తెలియును.

ఇక్కడ ఒక విశేషం గమనించవలెను. స్పానిష్ భాష ఇరువదికి పైగా దేశాలలో అధికార భాష. అయినను ఈ ఉత్త కండెకు అన్ని చోట్లా ఒకే పేరు లేదు. మెక్సికోలో దానిని ‘ఓలోతే’ అందురు. అది అక్కడి ఆదిమ నివాసుల నహువాత్ల్ భాషనుండి వచ్చినది. పెరూ, చిలీ దేశాలలో ‘కొరోంతా’ అందురు. అది కెచువా భాష పదం. ఆర్జెంటీనాలో ‘మార్లో’ అనునది వాడుక. అంతేకాదు, గుండెకోతకు ఈ పేరు పెట్టుట కొలంబియా వాడుక. కనుక ఈ పాట వెలువడినప్పుడు స్పానిష్ మాట్లాడే ఇతర దేశాలలో సైతం ఎందరో “తూసా అనగా నేమి?” అని అడుగవలసి వచ్చినది.

పాట కట్టినవారు ఈ చిక్కును ఎరుగనివారు కారు. అందరికీ తెలిసిన స్పానిష్ పదమొకటి వాడియుండవచ్చును. నిక్కీ మినాజ్ ఉన్నది కనుక ఇంగ్లీషు పేరైనను పెట్టియుండవచ్చును. వారు ఆ పని చేయలేదు. తమ ఇంటి మాటనే పాట నుదుటిపై బొట్టువలె నిలిపినారు. లోకమే ఆ మాటను నేర్చుకొన్నది.

పాటలోని కథ

కథ చిన్నది. ఒక స్త్రీ చాలనాళ్ళు దుఃఖపడి, ఇక చాలునని నిశ్చయించుకొని, ఆ వెలితిని చంపివేయుటకై స్నేహితురాలితో కలిసి బయటికి వెళ్ళినది. తనను సరిగా చూచుకొనని పురుషుణ్ణి మరచిపోయినానని ఆమె నమ్మకం. అలంకరించుకొన్నది, నవ్వుచున్నది, ఆడుచున్నది. అంతలో ఎవరో ఒక పాట పెట్టినారు. ఆ పాటకును ఆమె గతానికిని ఏదో ముడి ఉన్నది. అంతే, కట్టుకొన్న గోడ కూలిపోయినది. ఏడ్చుచు అతనికి ఫోను చేసినది. అతడు తీయలేదు.

ఇందులో వింతయేమున్నదని అనవచ్చును. చెప్పిన తీరులో ఉన్నది. మొదట ఈ కథ అంతయు ‘ఆమె’ అని చెప్పబడినది. అనగా ప్రక్కన నిలిచిన స్నేహితురాలు చెప్పుచున్నట్లున్నది. దుఃఖించు స్త్రీ తన దుఃఖాన్ని తాను ఒప్పుకొనదు; ఆమె స్నేహితురాలికి మాత్రం కనబడుచున్నది. తరువాత నిక్కీ మినాజ్ వంతు వచ్చినప్పుడు ‘ఆమె’ కాస్తా ‘నేను’ అయినది. ఇంతకాలం ఏడ్చినదంతయు వ్యర్థమని, ఇక మెత్తగా ఉండబోనని ఆ ‘నేను’ తెగించి చెప్పినది. పల్లవి తిరిగి వచ్చుసరికి మరల అదే ఏడుపు. తెగింపు నిజమే, ఏడుపు నిజమే. రెండింటి నడుమ మనసు ఊగులాడుట పాట ఆకారంలోనే ఉన్నది.

మరియొక మెలిక కలదు. ఒక పాట విని ఏడ్చిన స్త్రీని గురించిన పాట ఇది. వినువారిలో ఎందరో ఈ పాటనే తమ ‘ఆ పాట’గా చేసికొన్నారు. అద్దంలో అద్దం వంటి ఈ ఏర్పాటు దాని ఆదరణకు ఒక కారణమని మా ఊహ.

ఇక భాష సంగతి. నిక్కీ మినాజ్ తన భాగంలో ఇంగ్లీషులో గబగబ పలుకులు చెప్పి ఊరకుండలేదు. స్పానిష్ మాటలను నేర్చి పల్లవిలో గొంతు కలిపినది. పేరుప్రతిష్ఠలలో ఆనాటికి ఆమె కరోల్ జీ కంటె ఎంతో పెద్దది. ఇంగ్లీషు బలమైన భాష. బలమైన వైపువారు రెండడుగులు నడచి రెండవవారి వాకిటికి వచ్చినారు. ఈ మర్యాద మా దృష్టిలో పాటలోని స్వరాలకు తక్కువైనది కాదు.

మెదెయీన్ నగరమూ, ఆర్జెంటీనా ఋణమూ

కరోల్ జీ అసలు పేరు కరోలినా గిరాల్దో నవార్రో. 1991 ఫిబ్రవరి 14న కొలంబియాలోని మెదెయీన్ నగరంలో జన్మించినది. ఆ నగరానికి గుండెకోత పాటలు కొత్త కాదు. కొలంబియాలో ‘దెస్పేచో’ అనే పాటల శాఖ ఒకటి ఉన్నది. ఈ మాటలో దుఃఖంతోపాటు అవమానం, కసి కూడ కలిసియుండును. విడిచిపోయినవారిని నిందించుచు పానశాలలలో పాడుకొను పాటలవి.

వీటికి ముందే మెదెయీన్ నగరం టాంగో పాటలను తనవిగా చేసికొన్నది. టాంగో ఆర్జెంటీనా, ఉరుగ్వే దేశాల రేవు పట్టణాలలో పుట్టినది. వంచన, ఒంటరితనం, వెనుకటి ప్రేమ దాని ముఖ్య వస్తువులు. దాని మహాగాయకుడు కార్లోస్ గార్డెల్ సంచార కచేరీలు చేయుచు 1935 జూన్ 24వ తేదీన మెదెయీన్ విమానాశ్రయంలో రెండు విమానాలు ఢీకొనగా మరణించినాడు. నాటినుండి ఆ నగరం అతనిని తన ఇంటివానిగానే తలచుచున్నది. మన్రీకే అనే పేటలో అతని పేరిట ఒక స్మారక గృహం కలదు.

ఎనుబది నాలుగేండ్ల తరువాత అదే నగరపు ఆడపిల్ల పాడిన ‘తూసా’ ఆర్జెంటీనా వెళ్ళినది. బిల్‌బోర్డ్ పత్రిక ప్రకటించు ఆ దేశపు పాటల పట్టికలో 25 వారాలు మొదటి స్థానంలో నిలిచినది. ఆర్జెంటీనా దుఃఖం మెదెయీన్‌కు పాటగా వచ్చినది. మెదెయీన్ దుఃఖం పాటగా ఆర్జెంటీనాకు తిరిగి వెళ్ళినది. అప్పు తీరినదని మనం చెప్పుకొనవచ్చును.

ట్రినిడాడ్: మన ఓడలు చేరిన తీరం

రెండవ గాయని నిక్కీ మినాజ్ 1982 డిసెంబరు 8న ట్రినిడాడ్ ద్వీపంలో జన్మించి, బాల్యంలోనే న్యూయార్కు చేరినది. ఆమె అసలు ఇంటిపేరు మరాజ్. అది ‘మహారాజ్’ అను మన మాటకు ఆ ద్వీపంలో ఏర్పడిన రూపం.

ఈ మాట అంత దూరం ఎట్లు పోయినది? 1845 మే 30న కలకత్తానుండి కూలీలతో బయలుదేరిన మొదటి ఓడ ట్రినిడాడ్ చేరినది. ఆ ఓడ పేరు ‘ఫతహ్ అల్ రజాఖ్’. ఉర్దూ విద్యార్థులకు దీని అర్థం చెప్పనక్కరలేదు. తెలుగు విద్యార్థుల కొరకు చెప్పుచున్నాము: అన్నదాతయైన దేవుని విజయమని అర్థం. తెల్లవారి వ్రాతలో ఆ పేరు ‘ఫాటెల్ రజాక్’ అయినది. నాటినుండి 1917 వరకు 1,40,000 మందికి పైగా భారతీయులు ఒప్పంద కూలీలుగా అక్కడి చెరకు తోటలకు వెళ్ళినారు. అత్యధికులు ఉత్తర హిందూస్థానం వారు. మదరాసు రేవునుండి వెళ్ళిన వారిలో తమిళులు, మన తెలుగువారు ఉన్నారు.

ఆ ద్వీపానికి స్పానిష్ కూడ పరాయిది కాదు. 1498లో కొలంబస్ అక్కడికి చేరినది మొదలు 1797లో ఇంగ్లీషువారు పట్టుకొనువరకు అది స్పెయిన్ రాజ్యభాగం. వెనిజులా తీరం దానికి దగ్గరి చోట సుమారు 11 కిలోమీటర్లే. నేటికిని అక్కడ క్రిస్మస్ దినాలలో ‘పరాంగ్’ అనే పాటలను స్పానిష్‌లో పాడుదురు. ఆఫ్రికా, హిందూస్థానం, స్పెయిన్, ఇంగ్లండు అన్నియు కలిసిన నేలనుండి వచ్చిన గొంతు స్పానిష్ పల్లవి అందుకొనుటలో ఆశ్చర్యమేమున్నది?

తాళం నడచిన దారి

పాటకు ఆధారమైన తాళాన్ని ‘రెగ్గెటోన్’ అందురు. దీనిని వివరించుట కష్టం కాదు. ఎనిమిది సమాన మాత్రలు తీసికొనుడు. క్రింద డోలు రెండు దెబ్బలు సమంగా వేయును. పైనున్న చిన్న డోలు మాత్రం ఆ ఎనిమిదింటిని మూడు, మూడు, రెండుగా విరిచి పలుకును. క్రింది సమత్వం, పై విరుపు ఒకదానితో ఒకటి పెనగులాడుటచే కాలు ఊరకుండలేదు. బల్లపై ఒక చేత రెండు సమమైన దెబ్బలు, రెండవ చేత మూడు-మూడు-రెండు వేసి చూచినచో ఎవరికైనను తెలియును.

ఈ తాళం చరిత్ర కూలీల చరిత్రయే. పనామా కాలువ త్రవ్వుటకు జమైకా, బార్బడోస్ మున్నగు ద్వీపాలనుండి నల్లజాతి కూలీలు వేలాదిగా వెళ్ళినారు. వారి సంతతివారు పనామాలో జమైకా రెగ్గే పాటలను స్పానిష్‌లోనికి మార్చి పాడుట మొదలిడినారు. జమైకా గాయకుడు షబ్బా ర్యాంక్స్ 1990 ప్రాంతాన పాడిన ‘డెమ్ బో’ అను పాట తాళం అటునుండి ప్యూర్టోరికో చేరి, బీదల పేటలలో యువకుల చేతిలో కొత్త రూపు దాల్చినది. 1995లో అక్కడి పోలీసులు దుకాణాలపై బడి ఈ పాటల క్యాసెట్లను పట్టుకొనిపోయినారు. 2004లో డాడీ యాంకీ పాడిన ‘గసొలీనా’ దానిని ప్రపంచానికి పరిచయం చేసినది. తరువాతి దశాబ్దంలో మెదెయీన్ నగరం ఈ సంగీతానికి రెండవ పుట్టినిల్లు అయినది.

ఒకప్పుడు ఈ పాటలలో పురుషుల గొప్పలే ఎక్కువ. స్త్రీ వర్ణింపబడునదే కాని మాట్లాడునది కాదు. ‘తూసా’లో అదే తాళంపై వయొలిన్ల వంటి తంత్రీనాదం పరచి, ఇద్దరు స్త్రీలు తమ నొప్పిని తామే చెప్పినారు. ఇద్దరు స్త్రీలు ముఖ్య గాయనులుగా ఉన్న పాట అమెరికాలోని లాటిన్ పాటల ప్రధాన పట్టికలో నేరుగా మొదటి స్థానంలో అడుగుపెట్టుట దీనితోనే మొదలు. 2020లో లాటిన్ గ్రామీ బహుమానాలకు రెండు ప్రధాన విభాగాలలో దీనిని పరిశీలనకు తీసికొన్నారు.

వర్తకమా, కలయికా?

ఇక్కడ ఒక సత్యం దాచరాదు. ఇద్దరు ప్రసిద్ధులు కలిసి పాడినచో ఇద్దరి శ్రోతలు కలియుదురు, రాబడి పెరుగును. ఈనాటి జంట పాటలలో అనేకం ఈ లెక్కతోనే పుట్టుచున్నవి. 2017లో ‘దెస్పసీతో’ అనే స్పానిష్ పాటకు జస్టిన్ బీబర్ గొంతు చేరిన పిదప అది అమెరికా పట్టికలో 16 వారాలు అగ్రస్థానంలో ఉండుట చూచి, ప్రతి సంస్థకును ఆశ కలిగినది. ‘తూసా’ ఈ వర్తకానికి అతీతమని మేము చెప్పబోము.

అయినను వర్తకం వేరు, వంచన వేరు. కలయికను కొలుచుటకు మేము ఒక చిన్న కొలమానం పెట్టుకొన్నాము. కలిసినవారిలో ఎవరైనను తమ ఇంటి మాటను వాకిట విడిచి లోనికి రావలసి వచ్చినదా? వచ్చినచో అది కలయిక కాదు, లొంగుబాటు. ఇద్దరూ తమ తమ మాటలతో లోనికి వచ్చి, ఒకరిది మరొకరు నేర్చినచో అది కలయిక. ఈ కొలతకు ‘తూసా’ నిలుచును. దీనికి ముందు 2005లో కొలంబియా గాయని షకీరా, స్పెయిన్ గాయకుడు అలెహాంద్రో సాంజ్ కలిసి పాడిన ‘లా తోర్తూరా’ కూడ నిలుచును. అదియు నమ్మకద్రోహాన్ని గురించిన పాటయే. సముద్రానికి ఇరుప్రక్కల స్పానిష్ యాసలు రెండును అందులో వేటికవి వినవచ్చును. షకీరా తండ్రివైపువారు లెబనాన్ మూలం కలవారు. ఆ పేరు అరబ్బీ; కృతజ్ఞత గలదని అర్థం. మన ‘షుక్రియా’ అదే ధాతువునుండి వచ్చినది.

వేయేండ్లనాటి ముగింపు పాదం

అరబ్బీ మాట వచ్చినది కనుక ఇంకొంచెం వెనుకకు పోవుదము. క్రీ. శ. 711 నుండి 1492 వరకు స్పెయిన్ దేశంలో, కాలక్రమాన తగ్గుచు వచ్చినను, ముస్లిం రాజ్యాలుండెను. ఆ అందలూసియాలో ‘మువష్షహ్’ అనే ఒక పాట ప్రక్రియ పుట్టినది. రత్నాలు పొదిగిన ఒడ్డాణం వంటి ఆభరణాన్ని సూచించు మాటనుండి ఆ పేరు వచ్చినది. పాట అంతయు ప్రౌఢమైన అరబ్బీలో నడచును. కాని చివరి పాదాలు మాత్రం ప్రౌఢభాషలో ఉండరాదు. వీధి అరబ్బీలో గాని, అక్కడి సామాన్యులు మాట్లాడు, నేటి స్పానిష్‌కు అక్క వంటి భాషలో గాని ఉండవలెను. ఆ చివరి భాగానికి ‘ఖర్జా’ అని పేరు. బయటికి పోవుట అని అర్థం. ఉర్దూలోని ‘ఖారిజ్’, తెలుగువారు దినమూ వాడు ‘ఖర్చు’ ఈ మాటకు దాయాదులే.

ఆ ఖర్జాలలో అనేకం ఆడపిల్ల మాటలు. ప్రియుడు రాలేదని, విడిచిపోయినాడని, ఇక తానేమి కావలెనని ఆమె తరచు తల్లితో మొరపెట్టుకొనును. భాష అక్కడి ఇంటి భాషయే; అయినను ప్రియుణ్ణి పిలుచుటకు ‘హబీబ్’ అను అరబ్బీ మాటనే వాడును. ఈజిప్టు పండితుడు ఇబ్న్ సనా అల్ ముల్క్ పన్నెండవ శతాబ్దిలో ఈ ప్రక్రియకు లక్షణాలు వ్రాయుచు, పాటకు రుచి ఇచ్చునది ఈ ముగింపేయని, కవి దానినే ముందు తలచుకొని పిదప మిగిలిన పాట కట్టవలెనని చెప్పినాడు. శతాబ్దాలు మరుగునపడిన ఈ పాదాలను 1948లో సామ్యూల్ స్టెర్న్ అనే పండితుడు హీబ్రూ కవుల మువష్షహ్‌లలో గుర్తించి, చదివి ప్రకటించినాడు. స్పెయిన్ గడ్డపై ఇంటి భాషలో దొరికిన మిక్కిలి పాత పాటలలో అవి చేరినవి.

ముస్లిం కవియో యూదు కవియో పాట కట్టినాడు. క్రైస్తవ ఇండ్లలోను వాడుకలో ఉన్న పలుకుబడిలో ఆడపిల్ల దుఃఖంతో దానిని ముగించినాడు. పాండిత్యం ఎంత ఎత్తుకు పోయినను, గుండె పగిలిన చోట ఇంటి మాట కావలసి వచ్చినది. ‘తూసా’ చేసినది ఇదే పని. వేయేండ్లు గడచినను ఈ అవసరం మారలేదు.

మన రెండు భాషల సంగతి

ఇప్పుడు మన వాకిటికి వచ్చినాము. తూసాకు తెలుగులో, ఉర్దూలో సమానమైన మాట ఉన్నదా? తెలుగులో ‘విరహం’ ఉన్నది. కాని విరహంలో ప్రియుడు తిరిగి వచ్చునన్న ఆశ ఉన్నది. ఉర్దూ ‘హిజ్ర్’లోను ఎడబాటే కాని ముగింపు లేదు. తూసా ముగిసిన తరువాతి సంగతి. తెలుగులో ‘మనసు విరిగినది’ అందుము. పాలు విరిగినవి అన్నప్పటి క్రియయే ఇది. విరిగిన పాలు మరల పాలు కావు. అయితే అందులో దుఃఖం కంటె విముఖత ఎక్కువ; కొలంబియావారి దెస్పేచోకు ఇది దగ్గర. ‘దిల్ టూటా’ అన్నప్పుడు గాజు పగిలిన చప్పుడు వినబడును. ఒక్కొక్క భాష ఒకే గాయాన్ని ఒక్కొక్క వైపునుండి చూచుచున్నది. రెండు భాషలు తెలిసినవానికి ఆ గాయం రెండు వైపులనుండి కనబడును. ఇది నష్టమా, లాభమా?

మన గడ్డపై ఈ లాభం ఎరిగినవారు ఉండిరి. పదిహేడవ శతాబ్దిలో క్షేత్రయ్య నాయికల నోట పలికించిన పదాలు తెలుగువారి సొత్తు. గోల్కొండ పాదుషా కొరకు తాను పదాలు చెప్పిన సంగతి ఆయన పదమొకటి తెలుపుచున్నది. అంతకు ముందే ఆ సింహాసనంపై ఉన్న మహమ్మద్ కులీ కుతుబ్‌షా పారసీక ప్రౌఢిమను కొంత ప్రక్కనబెట్టి ఇంటి దక్కనీలో కవిత్వం చెప్పినాడు. క్షేత్రయ్య పదాలలో సఖి చేయు పనినే ‘తూసా’లో స్నేహితురాలు చేయుచున్నది.

కాని ఈనాడు మన కళాశాలలో ఏమి జరుగుచున్నది? దక్కనీ మాట్లాడు పిల్లలు తరగతిలో నోరు విప్పుటకు సిగ్గుపడుచున్నారు. అది శుద్ధమైన ఉర్దూ కాదట. పల్లెనుండి వచ్చిన పిల్లలు తమ యాసను నాలుక చివరనే మ్రింగుచున్నారు. అది పుస్తకాల తెలుగు కాదట. ఇరువురును ఇంగ్లీషు ముందు తలవంచుచున్నారు. ఈ సంచికనే చూడుడు. ఉర్దూ పుటలు కుడినుండి, తెలుగు పుటలు ఎడమనుండి మొదలై నడుమ కలియుచున్నవి. కలియుచున్నవి అన్నామే కాని, ఆ నడిమి పుటను దాటి అవతలికి పోవు పాఠకుడు ఎందరిలో ఒకడు? ఎవరి సగం వారు చదివి మూసివేయుచున్నారు.

కనుక కార్యవర్గం వారికి మా విన్నపం ఒక్కటే. వచ్చే సంచికలో ఆ రెండు సగాలు కలియు చోట రెండు పుటలు కేటాయింపుడు. అందులో ఉర్దూ విద్యార్థులు తమ ఇంటి మాటలు పది ఎంచుకొని తెలుగులో వివరింపవలెను. తెలుగు విద్యార్థులు తమ ఊరి మాటలు పది ఉర్దూలో వివరింపవలెను. నిఘంటువులోని మాటలు వద్దు. అమ్మ వంటింట వాడినవి, తాత పొలంలో వాడినవి, స్నేహితురాలు ఓదార్చునప్పుడు వాడినవి కావలెను. దీనికి అదనపు ధనం అక్కరలేదు. కొంచెం ఓర్పు చాలును.

విద్యార్థినీ విద్యార్థులారా! చివరగా మీతో ఒక మాట. మీ వయస్సులో గుండెకోత కలుగవచ్చును. అది ప్రేమలోనే కానక్కరలేదు. స్నేహం చెడినను, ఇంటివారు దూరమైనను, పరీక్ష తప్పినను మనిషి గింజలొలిచిన కండెవలె అగును. మరచిపోయినానని బింకంగా చెప్పుకొనుట తప్పు కాదు. ఆ పాట వినబడగానే ఏడ్చుట కూడ తప్పు కాదు. అట్టి సమయంలో నవ్వువారి దగ్గరకు కాక, ప్రక్కన కూర్చుండువారి దగ్గరకు పోవుడు. మీ స్నేహితులకు అట్టి దినం వచ్చినప్పుడు మీరు ఆ ప్రక్కన కూర్చుండువారు కండు. కరోల్ జీ 2023 ఫిబ్రవరిలో వెలువరించిన పాటల సంపుటి పేరుకు అర్థం ‘రేపు అందంగా ఉండును’ అని. స్పానిష్‌లో ఒక స్త్రీ పాడిన సంపుటి అమెరికా ప్రధాన పట్టికలో మొదటి స్థానంతో అడుగుపెట్టుట అదే మొదటిసారి. కండె అయిపోయినదని పాడిన గొంతే ఆ మాటను చెప్పినది. అందుచేత మేము దానిని నమ్ముచున్నాము.

ఆ ఇద్దరు పిల్లలు ఈ వ్యాసం చదువుదురని ఆశించుచున్నాము. అర్థం తెలియకుండగనే బాధ పాటయని వారు గుర్తించినారు. ఇక అర్థం కూడ తెలిసినది కనుక, ఈసారి ఆ తెలుగు పిల్ల తన స్నేహితురాలిని ‘దిల్ టూటా’ను గురించి, ఆ ఉర్దూ పిల్ల తన స్నేహితురాలిని ‘మనసు విరుగుట’ను గురించి అడిగినచో మా శ్రమ ఫలించినట్లే.